పీసీఎస్ఎక్స్2లో పీఎస్2 గేమ్ ఎందుకు మొదలవదు?

సోనీ ప్లేస్టేషన్ 2 (పీఎస్2) ఆటలను కంప్యూటర్‌లో ఆడించే ఎమ్యులేటర్ పీసీఎస్ఎక్స్2 ఇన్‌స్టాల్ చేశారు, గేమ్ ఐఎస్ఓ (డిస్క్ మొత్తానికి కాపీ ఫైలు) కూడా ఉంది, అయినా ఆట మొదలవడం లేదంటే చాలావరకు బయోస్ (పీఎస్2 ఆన్ కాగానే నడిచే లోపలి ప్రోగ్రామ్) లేకనే. ఈ 4 ఎంబీ ఫైలు సోనీ సొత్తు, అందుకే పీసీఎస్ఎక్స్2తో పాటు రాదు. మీ సొంత పీఎస్2 నుంచే కాపీ చేసుకోవాలి. నెట్‌లో దొరికేవాటి జోలికి పోకండి.

సెటప్ విజార్డ్‌లో బయోస్ ఉన్న ఫోల్డర్ చూపిస్తే యూఎస్ఏ, యూరప్, జపాన్ అంటూ జాబితా వస్తుంది. ఫోల్డర్ చూపించి ఊరుకుంటే చాలదు, అందులో ఒకదాన్ని క్లిక్ చేసి ఎంచుకోవాలి. తర్వాత గేముల ఫోల్డర్. లోపలి ఫోల్డర్లు కూడా వెతకమంటారా అని అడిగితే సరేననండి. జిప్ ఫైళ్లు మాత్రం జాబితాలోకి రావు, ముందే విప్పి పెట్టుకోండి. ఇక పేరు మీద డబుల్ క్లిక్ చేయడమే.

బొమ్మ మసకగా ఉంటే గ్రాఫిక్స్‌లో ఇంటర్నల్ రిజల్యూషన్ 3ఎక్స్‌కు పెంచండి, దాదాపు 1080పీ వస్తుంది. పాత ల్యాప్‌టాప్ అయితే ఆ సెట్టింగ్‌ను మార్చకపోవడమే మంచిది.