గురువు లేకుండా నేర్చుకున్న జానపద కళాకారుడికి పద్మశ్రీ రావాలంటే సర్టిఫికెట్ ఉండాలా?

అక్కర్లేదు, సంగీత డిగ్రీ గానీ ఎమ్మెల్యే సిఫారసు గానీ లేకపోయినా ఎవరైనా పేరు పంపవచ్చు. బెంగళూరులో ఉంటున్న 70 ఏళ్ల తెలుగు బుర్రకథ కళాకారుడు తన పేరు తానే పంపుకున్నా చెల్లుతుంది, ఎందుకంటే అక్కడ చూసేది చేసిన పనిని.

కేంద్ర ప్రభుత్వ వెబ్‌సైట్ అయిన రాష్ట్రీయ పురస్కార్ పోర్టల్‌లో ఆన్‌లైన్‌లోనే పంపాలి. దరఖాస్తు ప్రాణమంతా 800 పదాలకు మించని పరిచయంలో ఉంటుంది. చాలామంది దాన్ని 'గానగంధర్వుడు, మహానుభావుడు' అని నింపి పాడుచేస్తారు. ఏ వాయిద్యం, ఏయే కథలు నోటికి వచ్చు, ఎన్నేళ్లుగా ఏ ఊళ్లలో పాడారు, ఎవరికి నేర్పారు అన్నవి రాయండి. పెద్దాయన పక్కన కూర్చుని అడిగితేనే ఇవి బయటికొస్తాయి.

దర్శనం మొగులయ్యనే చూడండి. వెదురు బొంగు, సొరకాయ బుర్రల 12 మెట్ల కిన్నెర అనే తీగవాద్యం మీద వీరగాథలు పాడే ఆయనకు 2022లో పద్మశ్రీ ప్రకటించారు. అరుదైన ఆ కిన్నెరే ఆయన అర్హత.

పద్మశ్రీ వస్తే నెలనెలా డబ్బొస్తుందని చాలామంది అనుకుంటారు. పురస్కారంతో నగదు రాదు. పతకం, రాష్ట్రపతి సంతకంతో పత్రం ఇస్తారు. కొన్ని రాష్ట్రాలు సొంతంగా ఇచ్చేది వేరు. పేరు ముందు బిరుదులా వాడకూడదు కూడా. 60 దాటి, ఆదాయం తక్కువున్న కళాకారులకు కేంద్ర సంస్కృతి శాఖ ఆర్థిక సాయానికి విడిగా దరఖాస్తు చేయాలి.