పొద్దున కూడా ఆడాను అంకుల్

ఒరేయ్ అల్లుడూ,

నిన్న రాత్రి మీ అమ్మ ఫోన్ చేసింది. "బంగారంలాంటి ఉద్యోగం పెట్టుకుని, శనాదివారాలు పాత గేమ్ మెషిన్లు కొని అమ్ముతాడట, మేనమామ పిచ్చి కాకపోతే ఇంకెవరిది" అని మొదలుపెట్టి ముప్పావుగంట తిట్టింది. నిన్ను తిట్టిందో నన్ను తిట్టిందో చివరికి నాకు అర్థం కాలేదు. పైకి సరే సరే అన్నాను గానీ లోపల మాత్రం ఒకటే సంతోషం. బెంగళూరు బీటీఎం లేఔట్‌లో ఒక్క గది అద్దెకి తీసుకుని, అందులో సగం సోల్డరింగ్ బల్లకే ఇచ్చేశావంటే నువ్వు మా వంశమేరా.

తర్వాత నువ్వు ఫ్యామిలీ గ్రూపులో పెట్టిన లిస్టు చూశాను. మూడు గేమ్ బాయ్ కలర్లు, నాలుగు డీఎస్‌లు, ఒక 3డీఎస్, ఒక వీటా, రెండు స్విచ్‌లు, డబ్బా నిండా గేములుండే కార్ట్రిడ్జ్‌లు. ఫోటోలు బాగా తీశావు. రేట్లు కొంచెం ఎక్కువే, సర్లే. అడుగున ఒక లైను రాశావు చూడు, "అన్నీ పూర్తిగా రీసెట్ చేసి, పాత డేటా చెరిపి ఇవ్వబడును" అని, అది చదివాక నాకు నిద్ర పట్టలేదు. పొద్దున్నే లేచి ఇది రాస్తున్నాను, మీ అత్తయ్య కాఫీ చల్లారిపోతోందని రెండుసార్లు అరిచింది.

నీకు తెలిసినవే అయినా ముందు చెప్పేస్తాను. ఆడినంతవరకు ఆటని దాచుకునే సేవ్ అవుతుండగా పవర్ ఆపకు. కార్ట్రిడ్జ్ లోపలుండే బిళ్ళ బ్యాటరీ మీద నేరుగా సోల్డరింగ్ ఐరన్ పెట్టకు, పేలుతుంది, ట్యాబ్‌లు అతికించి వచ్చేవే కొను. కార్ట్రిడ్జ్ విప్పడానికి 3.8 మిల్లీమీటర్ల స్క్రూడ్రైవర్ బిట్ కావాలి, ఎస్పీ రోడ్డులో అడుగు. మా రోజుల్లో అది దొరక్క రెనాల్డ్స్ పెన్ను గొట్టాన్ని దీపం మీద కాల్చి, మెత్తబడ్డాక స్క్రూ మీద నొక్కి, చల్లారాక దాన్నే స్క్రూడ్రైవర్‌గా తిప్పేవాళ్ళం. ఇరవై స్క్రూలకి ఒక పెన్ను లెక్క. నవ్వకు, పనిచేసేది.

ఇప్పుడు అసలు సంగతి. 2008 మే నెల. ఇక్కడ చెన్నైలో బర్మా బజార్ వెనక సందులో వేరేవాళ్ళ షాపులో సగం కౌంటర్ అద్దెకి తీసుకుని రిపేర్లు చేసేవాణ్ణి. నీకు గుర్తుండదు, నువ్వప్పుడు ఎల్కేజీ, సెలవుల్లో మీ అమ్మ నిన్ను నా దగ్గర వదిలిపెడితే కౌంటర్ కింద కూర్చుని పాత బటన్ల కింది రబ్బరు ముక్కలు ఏరి డబ్బాలో వేసుకునేవాడివి. ఒక రోజు విల్లివాక్కం నుంచి మీ పక్కింటాయన వాళ్ళ పాపని తీసుకొచ్చాడు. పదేళ్ళుంటాయేమో. "మా తమ్ముడు చూస్తాడు" అని మీ అమ్మే పంపింది. గేమ్ బాయ్ కలర్‌లో ‘A’ అని రాసున్న బటన్ సరిగ్గా నొక్కుకోవడం లేదు, అంతే వాళ్ళ ఫిర్యాదు. గంటాగి రమ్మన్నాను.

బటన్ పని ఐదు నిమిషాల్లో అయిపోయింది. పనిచేస్తోందో లేదో చూద్దామని లోపల ఉన్న కార్ట్రిడ్జ్‌తోనే ఆన్ చేశాను. పోకెమాన్ గోల్డ్, పోకెమాన్‌లనే వింత జంతువుల్ని పట్టి పెంచుకునే గేము. పాప సేవ్ తెరిచి నాలుగడుగులు నడిపించి, పెట్టెలు కూడా తిరగేశాను, పని లేని మనిషిని కదా. ఆ గేములో 14 పెట్టెలుంటాయి, ఒక్కోదాంట్లో 20 పోకెమాన్‌లు పడతాయి, పెట్టెలకి పేర్లు కూడా పెట్టుకోవచ్చు. ఒక పెట్టె పేరు నెల్లూరు. అందులో ఆవులాంటి మిల్‌ట్యాంక్ ఒకటుంది, దానికి గౌరి అని పేరు పెట్టింది. గుర్రుపెట్టి నిద్రపోయే స్నార్లాక్స్‌కి తాతయ్య అని పెట్టింది. అన్నీ ఇంగ్లీషు అక్షరాల్లో, పెద్ద పెద్దవి. నవ్వొచ్చింది, పక్క కౌంటరాయన్ని పిలిచి చూపించాను కూడా.

అక్కడితో ఆపేసి ఇచ్చేస్తే పోయేది. కానీ నాకు గొప్ప బుద్ధి పుట్టింది. ఆ గేమ్ అమెరికాలో 2000లో వచ్చింది, ఎనిమిదేళ్ళ కార్ట్రిడ్జ్, అందులో గడియారం కూడా ఉంది కాబట్టి బ్యాటరీని మామూలుకంటే తొందరగా తినేస్తుంది, విప్పి చూద్దాం అనుకున్నాను. విప్పి మల్టీమీటర్ పెడితే మూడు వోల్టులు ఉండాల్సింది 2.6 చూపించింది. నీకు తెలుసుగా, ఆ తరం కార్ట్రిడ్జ్‌ల్లో సేవ్ అంతా ఎస్‌రామ్ చిప్‌లో ఉంటుంది, కరెంటు తగులుతున్నంతసేపే దానికి జ్ఞాపకం. మెషిన్ ఆపేశాక ఆ కరెంటిచ్చేది ఆ సీఆర్2025 బిళ్ళ ఒక్కటే. అది పీకితే సేవ్ పోతుందని నాకు తెలీక కాదు. ఇంకో బ్యాటరీని రెండు వైర్లతో ఆనించి ఉంచి పాతది తీయాలి, అంతకుముందు ఐదారుసార్లు అలా చేసినవాణ్ణే. ఆ రోజు కరెంటు పోయి వచ్చింది, చెమట, భోజనం టైము, వైర్లు వెతకడానికి బద్ధకం. పది సెకన్ల పనేగా, నిలబడుతుందిలే అనుకుని పీకేశాను. కొత్తది పెట్టాను. ఆన్ చేశాను. కంటిన్యూ అనే మాటే లేదు, న్యూ గేమ్ ఒక్కటే ఉంది.

అడగనిదే ముట్టుకున్నానురా. ఎవరూ అడగలేదు.

అదైనా తప్పు అనుకోవచ్చు, చెయ్యి జారింది అనుకోవచ్చు. వాళ్ళు వచ్చాక నేను చెప్పిన మాట మాత్రం చెయ్యి జారింది కాదు. "పాప, బ్యాటరీ ముందే చచ్చిపోయిందమ్మా, నేను చూసేసరికే సేవ్ లేదు, కొత్తది వేసిచ్చాను, దానికి డబ్బులేమీ వద్దు" అన్నాను. నెమ్మదిగా, డాక్టరులాగా. ఆ పాప నా మొహంలోకి చూసి, "పొద్దున కూడా ఆడాను అంకుల్, అప్పుడు ఉంది" అంది. "ఇవి అంతేనమ్మా, ఉన్నట్టుండి పోతాయి" అన్నాను. కాసేపాగి "గౌరి కూడా పోయిందా?" అని అడిగింది. గౌరి ఎవరమ్మా అని అడిగాను! అంతకు గంట ముందు చూసి నవ్వినవాణ్ణి. నెల్లూరు పక్క ఊళ్ళో వాళ్ళ అమ్మమ్మ గేదె పేరట. వాళ్ళ నాన్న ఇదంతా పట్టించుకోకుండా, డబ్బులు తీసుకోలేదని నా చేతులు పట్టుకుని థ్యాంక్స్ చెప్పి, కిందకి తీసుకెళ్ళి టీ ఇప్పించాడు. ఆ టీ తాగాను.

నెల తర్వాత మీ ఇంటికి వచ్చినప్పుడు ఆ పాప మెట్ల మీద కూర్చుని ఆడుకుంటోంది. వంగి చూశాను. మళ్ళీ మొదలుపెట్టింది, మళ్ళీ ఒక మిల్‌ట్యాంక్‌ని పట్టింది. దానికి పేరు పెట్టలేదు. పేరు పెట్టకపోతే మెషినే మిల్‌ట్యాంక్ అని చూపిస్తుంది కదా, అదే ఉంది.

అందుకని నువ్వు కొనేటప్పుడే అమ్మేవాణ్ణి అడుగు. ఆదివారం బజార్లో గోనెపట్టా మీద పరిచి అమ్మేవాణ్ణి అడిగితే ఏం చెప్తాడు అంటావేమో, వాణ్ణి కాదు, ఇంటికి పిలిచి అమ్మేవాళ్ళని అడుగు. ఇందులో మీ పిల్లలు ఆడింది ఉంది, చెరిపేముందు ఒకసారి చూసుకుంటారా అని. పదిమందిలో ఎనిమిదిమంది అవసరం లేదంటారు. మిగతా ఇద్దరి కోసమే అడగమంటున్నాను. ఈ రోజుల్లో కార్ట్రిడ్జ్ రీడర్లు వచ్చాయి, యూఎస్‌బీకి తగిలిస్తే సేవ్ మొత్తం చిన్న ఫైలుగా ల్యాప్‌టాప్‌లోకి వచ్చేస్తుంది. నాకు ఆ రోజున అది లేదు, నీకు ఉంది. కొనకపోతే నేనే కొని పంపిస్తాను, మీ అమ్మకి చెప్పకు.

చెరపడం సంగతికొస్తే, ఒక్కో మెషిన్‌ది ఒక్కో దారి. గేమ్ బాయ్‌లో, గేమ్ బాయ్ అడ్వాన్స్‌లో పోకెమాన్ అయితే టైటిల్ దగ్గర పైబాణం, సెలెక్ట్, బీ బటన్లు కలిపి నొక్కాలి, 3డీఎస్‌లో పోకెమాన్ ఎక్స్, పోకెమాన్ వై గేముల నుంచి పైబాణం, ఎక్స్, బీ బటన్లు. అడ్వాన్స్‌లోని పోకెమాన్ రూబీ, సఫైర్, ఎమరాల్డ్ ఆన్ చేయగానే లోపలి బ్యాటరీ అయిపోయిందని ఒక మాట వస్తుంది, అది చూసి కంగారుపడి సేవ్ పోయిందని ఎవరికీ చెప్పకు. వాటిలో బ్యాటరీ గడియారానికే, సేవ్ వేరే ఫ్లాష్ చిప్‌లో భద్రంగా ఉంటుంది. నకిలీ కార్ట్రిడ్జ్‌లకి ఇదేదీ వర్తించదు, వాటిని నమ్మకు, కొనేవాడికి నకిలీ అని ముందే చెప్పు.

స్విచ్‌లో సేవ్ గేమ్ కార్డులో ఉండదు, మైక్రోఎస్‌డీలోనూ ఉండదు, మెషిన్ లోపలే ఉంటుంది. గేమ్ డిలీట్ చేసినా అది కదలదు, సెట్టింగ్స్‌లో డేటా మేనేజ్‌మెంట్‌లోకి వెళ్ళి విడిగా చెరపాలి. కానీ యూజర్‌ని తీసేస్తే ఆ యూజర్ సేవ్‌లన్నీ పోతాయి. వీటా తలకిందులు, హోమ్ స్క్రీన్ మీద గేమ్ బుడగ తీసేశావా, సేవ్ కూడా దాంతోపాటే పోతుంది. స్విచ్‌కి అలవాటుపడ్డ చెయ్యి వీటా మీద పడితే ఏమవుతుందో ఊహించుకో. క్లౌడ్‌లో ఉంటుందిలే అని కూడా ధీమా పడకు, దానికి డబ్బు కట్టాలి, కట్టినా పోకెమాన్ స్వోర్డ్, షీల్డ్ లాంటివి క్లౌడ్‌లోకి ఎక్కవు. 3డీఎస్ ఫార్మాట్ చేసే ముందు అందులో డౌన్‌లోడ్ గేములున్నాయేమో చూడు. దాని ఆన్‌లైన్ షాపులో 2023 మార్చి 27 నుంచి కొనడం ఆపేశారు, పోగొడితే మళ్ళీ కొనిస్తానని ఎవరికీ మాటివ్వలేవు.

ఇన్ని చెప్పినా ఎప్పుడో ఒకసారి నీ చేతిలో ఒకటి పోతుంది. నా చేతిలో పోయినట్టే. పోయిన రోజున ఆ ఎదుటి మనిషి పదేళ్ళ పిల్ల అయినా సరే, "నా వల్ల పోయిందమ్మా" అని చెప్పు. తిడతారు, డబ్బులు వెనక్కి అడుగుతారు, ఇచ్చేయ్, లేకపోతే నన్నడుగు.

రాత్రి పన్నెండు దాటాక సోల్డరింగ్ చేయకు, నీ కళ్ళు మీ తాతగారి కళ్ళు, ముప్పైకే అద్దాలొచ్చాయి ఆయనకి. వేళకి తిను. నేషనల్ మార్కెట్ వైపు వెళితే ట్వీజర్ల సెట్టు మంచిది ఒకటి చూసి నాకూ తీసుకో.

ఇది మీ అమ్మకి మాత్రం చూపించకు. పాపని పంపింది ఆవిడే కదా, ఆవిడకి కూడా బ్యాటరీ ముందే చచ్చిపోయిందనే చెప్పాను. ఇప్పటికీ అదే నమ్ముతోంది. ఒక ఆదివారం నేనే విల్లివాక్కం వెళ్ళి చెప్తాను. వచ్చే ఆదివారం కుదరదు, పెళ్ళి ఉంది.

మీ మావయ్య
పెరంబూరు, చెన్నై