వడ్డీ రాకుండానే ధిక్కార కేసు వెనక్కి తీసుకోవచ్చా?

ప్రశ్న: నేను 2022 జులై నెలాఖరున రిటైరయ్యాను. రావలసిన గ్రాట్యుటీ 8,40,000 రూపాయలను రిటైరైన నాటి నుంచి ఏడాదికి 6 శాతం వడ్డీతో ఎనిమిది వారాల్లో చెల్లించాలని హైకోర్టు రిట్ పిటిషన్‌లో ఆదేశించింది. ఉత్తర్వు ప్రతి 2024 అక్టోబరు 4న మా శాఖకు అందింది. గడువు దాటినా డబ్బు రాకపోవడంతో ఫిబ్రవరిలో కోర్టు ధిక్కార కేసు వేశాను. అధికారికి నోటీసు వెళ్లాక, మొన్న ఆగస్టు మొదట్లో అసలు మాత్రం ఖాతాలో పడింది. ఇప్పుడు ఆఫీసు నుంచి ఫోన్ చేసి, కేసు ఉపసంహరణ మెమో మీద సంతకం పెట్టమంటున్నారు, వడ్డీ తర్వాత చూస్తామంటున్నారు. పెట్టవచ్చా? అవసరమైతే మళ్లీ కేసు వేయవచ్చా?

జవాబు: ఆ మెమోలో "ఉత్తర్వు పూర్తిగా అమలైంది" అన్న మాట ఉందేమో ముందు చూడండి. ఉంటే సంతకం పెట్టకండి, ఎందుకంటే మీ లెక్క ప్రకారమే మూడేళ్ల వడ్డీ, సుమారు లక్షన్నర రూపాయలు, ఇంకా రావాలి. వడ్డీ కూడా ఉత్తర్వులోని భాగమే కాబట్టి, అసలు మాత్రం ఇచ్చినంతలో ఉత్తర్వును పాటించినట్టు కాదు. (ఆఫీసు వాళ్లు టైపు చేసి తెచ్చిన కాగితాన్ని చదవకుండా సంతకం పెట్టే మొహమాటం మన ఉద్యోగుల్లో ఎక్కువే.)

ధిక్కార కేసు మామూలు దావా వంటిది కాదు. ఉల్లంఘన జరిగిందని మీరు కోర్టు దృష్టికి తెచ్చారు. ఆపై విషయం ప్రధానంగా కోర్టుకూ, ఉత్తర్వును ఉల్లంఘించారన్న అధికారికీ మధ్యది. అందుచేత ఉపసంహరణకు కోర్టు అనుమతి కావాలి, అవసరమనుకుంటే మీరు వద్దన్నా కోర్టు విచారణ కొనసాగించవచ్చు. అయితే ఉత్తర్వు నిజంగా అమలైందని తేలినప్పుడు కోర్టులు సాధారణంగా ఆ సంగతి నమోదు చేసుకుని కేసు ముగిస్తాయి.

మీ రెండో ప్రశ్నలోనే అసలు ప్రమాదం ఉంది. 1971 నాటి కోర్టు ధిక్కార చట్టంలోని 20వ సెక్షన్ ప్రకారం, ధిక్కారం జరిగిందంటున్న తేదీ నుంచి ఏడాది దాటాక చర్య మొదలుపెట్టడానికి వీల్లేదు. మీ ఎనిమిది వారాలు 2024 నవంబరు 29తో ముగిశాయి, కనుక 2025 నవంబరు నెలాఖరుతో ఆ గడువు తీరిపోతుంది. ఇప్పుడు ఉపసంహరించుకుని, సంక్రాంతికి కూడా వడ్డీ రాకపోతే, కొత్త ధిక్కార కేసుకు దారి దాదాపు మూసుకుపోతుంది. మళ్లీ వేసుకునే స్వేచ్ఛతో ఉపసంహరణకు అనుమతి తీసుకున్నా, అది ఈ గడువును పొడిగించినట్టు కాదు. చెల్లించని ప్రతి రోజూ కొత్త ధిక్కారమేనన్న వాదనను నమ్ముకోవద్దు. తెలంగాణ హైకోర్టు నుంచి వెళ్లిన ఒక కేసులోనే 2024లో సుప్రీంకోర్టు ఆ వాదనకు హద్దులు గీసింది.

ఉత్తర్వును అమలు చేశామంటూ అధికారి అఫిడవిట్ (ప్రమాణపత్రం) దాఖలు చేస్తే, మీ న్యాయవాది చేత దానికి జవాబు వేయించండి. బ్యాంకు పాస్‌పుస్తకంలో డబ్బు పడిన పేజీ నకలునూ, వడ్డీ లెక్క పట్టికనూ జతపరచి, మిగిలిన మొత్తానికి తేదీతో కూడిన గడువు నిర్ణయించేదాకా కేసు ముగించవద్దని కోరండి. అధికారి క్షమాపణ చెప్పుకుంటే అంగీకరించాలా అన్నది కోర్టు చూసుకుంటుంది, ఆ భారం మీ మీద లేదు. వడ్డీ జమ అయ్యాక మెమో వేయడానికి మీకు అభ్యంతరమేమీ ఉండనక్కరలేదు.