కేసు పోలేదు, రోజులు పోతున్నాయి

చిరంజీవి మేనల్లుడికి మామయ్య ఆశీస్సులు.

రాత్రి ఫోన్లో “కేసు పోయింది మామయ్యా” అన్నావు. పోలేదురా. ఓడిపోవడం వేరు, హాజరు కాలేదని డిఫాల్టులో కొట్టెయ్యడం వేరు. పక్క చేనువాడితో నీకు తగాదా ఉన్న ఆ గట్టు నీది కాదని జడ్జిగారు ఎక్కడా అనలేదు. అటెండరు పిలిచినప్పుడు నువ్వూ పలకలేదు, మీ ప్లీడరుగారూ పలకలేదు. అంతే జరిగింది. ముప్పై రెండేళ్ళు ప్లీడరు గుమస్తాగా చేసినవాణ్ణి, ఇలాంటివి ఎన్నో చూశాను.

ముందు ఆ రోజు డాకెట్‌లో, అంటే వాయిదాలో జరిగింది కోర్టు రాసుకునే కాగితంలో, ఏం రాశారో చూడు. అవతలివాళ్ళూ రాకపోయి ఉంటే కొంత నయం. దావా మళ్ళీ తెరవమని అడగొచ్చు, గడువు మిగిలుంటే కొత్త దావా అయినా వేసుకోవచ్చు. వాళ్ళు హాజరై నువ్వు మాత్రమే రాలేదంటే అదే విషయం మీద కొత్త దావా కుదరదు. సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 9, రూల్ 9 కింద పిటిషన్ వేసి, కొట్టేసిన దావానే మళ్ళీ నంబరు మీదికి, అంటే తిరిగి విచారణకి, తెచ్చుకోవాలి.

దానికి గడువు 30 రోజులు. నీకు తెలిసిన రోజు నుంచి కాదు, కొట్టేసిన రోజు నుంచి. మార్చి 10న కొట్టేశారన్నావు కాబట్టి ఏప్రిల్ 9 ఆఖరు. చాలామంది నెల కదా అని 10వ తేదీ దాకా ఆగుతారు. ఒక్కరోజు దాటినా ఆలస్యాన్ని మన్నించమని ఇంకో పిటిషన్, దాని మీద ఇంకో వాదన. ఇంకో సంగతి, దావాతో పాటు గట్టు జోలికి రావద్దన్న నీ ఇంజంక్షన్ ఆర్డరూ పడిపోయింది. పక్క చేనువాడు ఈలోగా గట్టు మీద చెయ్యి వేస్తే అడ్డం చెప్పడానికి నీ చేతిలో ఆర్డరు లేదు. అందుకే ఆఖరు రోజు దాకా ఆగొద్దంటున్నాను.

ఇక పిటిషన్‌తో పాటు ప్రమాణం చేసి ఇచ్చే అఫిడవిట్. “తీవ్ర జ్వరం వల్ల రాలేకపోయాను” అని రాయించకు. మా రోజుల్లో కోర్టుకి రానివాళ్ళందరికీ టైఫాయిడే! నీకు నిజమైన కారణం ఉంది, ఆ రోజు మా అక్కయ్యని ఆసుపత్రిలో చేర్చావు. అదే రాయించు. తేదీ ఉన్న అడ్మిషన్ కాగితం, బిల్లులు జత చెయ్యి. ప్లీడరుగారు ఎందుకు లేరో కూడా అందులో ఉండాలి, అడుగుతారు. ప్లీడరు తప్పుకి కక్షిదారుడు నష్టపోకూడదని సుప్రీంకోర్టు 1981లోనే రఫీక్ కేసులో చెప్పింది. కానీ దాన్నే నమ్ముకోకు, కేసు నీది కదా నువ్వేం చేశావని అడిగే జడ్జిలూ ఉన్నారు.

నిజం చెబితే సిగ్గేం లేదు. నేను కొత్తలో డైరీలో 17కి బదులు 27 అని రాసుకుని ఒక ముసలాయన దావా కొట్టేయించాను. మా సారు నా చేతే అఫిడవిట్ వేయించారు. ఖర్చులు కట్టమని ఆర్డరైంది, దావా తిరిగి నంబరు మీదికొచ్చింది. ఆ ఖర్చులు నా జీతంలోనే కోశారనుకో.

పిటిషన్ వెయ్యగానే ఆర్డరు రాదు. అవతలివాళ్ళకి నోటీసు వెళ్ళాలి, వాళ్ళు దానికి జవాబుగా కౌంటర్ వేస్తారు. ఖర్చులు కట్టమంటే చెప్పిన తేదీలోగా కట్టెయ్, దాని మీద బేరాలాడకు. పిటిషన్ కొట్టేసినా అప్పీలు ఉంది.

ఇకమీదట వాయిదా తేదీ గుమస్తాని అడిగి ఊరుకోకు. గుమస్తాగా చేసినవాణ్ణే చెప్తున్నాను. ఫోన్లో ఈకోర్ట్స్ యాప్ పెట్టుకుని, నీ కేసుని గుర్తించే సీఎన్ఆర్ నంబరు, అక్షరాలూ అంకెలూ కలిపి 16 ఉంటాయి, కొట్టి నువ్వే చూసుకో. నువ్వు వెళ్ళలేని రోజు ముందే ప్లీడరుగారికి ఫోన్ చెయ్యి.

సోమవారం పొద్దున్నే పాత కేసు కాగితాల కట్ట, ఆసుపత్రి కాగితాలు పట్టుకుని రా. పదిన్నరకి కోర్టు మొదలయ్యేలోపు ప్లీడరుగారి ఇంటికి ఇద్దరం వెళ్దాం. ఆయన మీద కోపం ఇంటి దగ్గరే వదిలి రా, అఫిడవిట్ ఆయనే రాయాలి. అక్కయ్యకి మాత్రం ఈ గొడవేదీ చెప్పకు, ముందు ఆవిడ బీపీ తగ్గనీ.

మీ మామయ్య