బంగారం అత్తగారి లాకర్‌లో ఉంది, కోర్టు ఇప్పిస్తుందా?

ప్రశ్న: లాయర్ మేడం గారూ, దెబ్బలు భరించలేక పాపను తీసుకుని కట్టుబట్టలతో ఖమ్మంలో పుట్టింటికి వచ్చేశాను. మావాళ్లు పెట్టిన బంగారం, వెండి సామాను, చివరికి నా డిగ్రీ సర్టిఫికెట్లు కూడా హైదరాబాద్‌లో అత్తగారింట్లోనే ఉండిపోయాయి. నగలు అత్తగారి పేరున్న లాకర్‌లో ఉన్నాయి. అడిగితే "కాపురానికి వస్తేనే ఇస్తాం" అంటున్నారు. మూడేళ్లు కావస్తోంది, ఇప్పుడు కేసు చెల్లుతుందా? ఈలోపు అమ్మేస్తారేమోనని టెన్షన్‌గా ఉంది.
- ఒక సోదరి, ఖమ్మం

జవాబు: చెల్లుతుందమ్మా. పుట్టింటివాళ్లు పెట్టినవే కాదు, పెళ్లిలో అత్తింటివాళ్లు మీకు పెట్టినవీ మీ స్త్రీధనమే, అంటే మీ సొంత ఆస్తే. వాళ్లింట్లో ఉన్నంత మాత్రాన అది వాళ్లది అయిపోదని సుప్రీంకోర్టు 1985లోనే ప్రతిభా రాణి కేసులో తేల్చింది, కాబట్టి కాపురానికి వస్తేనే ఇస్తామని షరతు పెట్టే హక్కు వాళ్లకు లేదు. స్త్రీధనం తిరిగి ఇవ్వకుండా ఉన్నన్నాళ్లూ ఆ తప్పు కొనసాగుతున్నట్టేనని 2015లో కృష్ణా భట్టాచార్జీ కేసులో చెప్పింది. మూడేళ్లయిందని దిగులు పడకండి.

హైదరాబాద్ వెళ్లి తిరగాల్సిన పని కూడా లేదు. 2005 గృహ హింస చట్టం ప్రకారం మీరు ఇప్పుడు ఉంటున్న ఊరి మేజిస్ట్రేట్ కోర్టులోనే సెక్షన్ 12 కింద పిటిషన్ వేయవచ్చు. లాయరు ఫీజుకు ఇబ్బందైతే జిల్లా న్యాయ సేవాధికార సంస్థకు వెళ్లండి, ఆదాయంతో పనిలేకుండా ఆడవాళ్లకు ఉచితంగా లాయర్ని పెడతారు. భర్తతో పాటు అత్తగారినీ ప్రతివాదిగా చేర్చడం మర్చిపోవద్దు, లాకర్ ఆవిడ పేరు మీదే ఉందన్నారు కదా. ఆడవాళ్లను ప్రతివాదులుగా చేర్చకూడదనే అడ్డంకి 2016లోనే పోయింది.

వస్తువులు తిరిగి ఇమ్మని సెక్షన్ 19(8) కింద అడుగుతాం. కానీ మీ భయమల్లా ఈలోపు అమ్మేస్తారేమోనని. అందుకే పిటిషన్ వేసిన రోజే, లాకర్ తెరవకూడదు, నగలు అమ్మకూడదు, తాకట్టు పెట్టకూడదు అని సెక్షన్ 18, 23 కింద మధ్యంతర ఉత్తర్వు, అంటే కేసు తేలేదాకా ఉండే ఉత్తర్వు అడగాలి, అఫిడవిట్ చూసి అవతలివాళ్లు రాకముందే ఇచ్చే అధికారం మేజిస్ట్రేట్‌కు ఉంది. దాన్ని మీరితే ఏడాది వరకు జైలు, 20,000 రూపాయల వరకు జరిమానా. అరవై రోజుల్లో కేసు తేల్చడానికి ప్రయత్నించాలని చట్టం చెబుతుంది గానీ వాయిదాలు ఎలా పడతాయో మనకు తెలియంది కాదు, మొదటి రోజు ఈ ఉత్తర్వు అడగకపోతే తర్వాత ఖాళీ లాకరే మిగలొచ్చు.

ఇక అసలు పని జాబితా. "50 తులాల బంగారం" అని ఒక్క ముక్కలో రాస్తే కోర్టులో నిలబడదు. "చంద్రహారం, 48 గ్రాములు, బిల్లు ఉంది, పెళ్లి ఆల్బంలో 14వ ఫొటోలో వేసుకున్నాను" అని ఒక్కో వస్తువుకు ఒక్కో వరుస రాయండి. బిల్లు పోతే కొన్న షాపులో పాత రికార్డు అడగండి, పెళ్లి వీడియో వెతకండి, కొన్నప్పుడు పక్కనున్న పిన్నో మేనత్తో సాక్ష్యం చెప్పవచ్చు. నగలు ఇవ్వనంటూ వాళ్లు పెట్టిన వాట్సాప్ మెసేజ్ ఉంటే బంగారం కన్నా విలువైనది, డిలీట్ చేయకండి. సర్టిఫికెట్లూ జాబితాలో రాయండి. కరిగించేశాం, అమ్మేశాం అంటే ఆ విలువ డబ్బుగా ఇప్పించమని సెక్షన్ 20 కింద అడుగుదాం.

ఉత్తర్వు వచ్చాక వస్తువులు ఇప్పించడానికి పోలీసుల సాయం, ఈ చట్టం కింద బాధితులకు తోడ్పడే రక్షణ అధికారి సాయం కోర్టు ఏర్పాటు చేయగలదు. అప్పగించేటప్పుడు ప్రతి నగా తూకం వేయించి, జాబితాతో సరిచూసుకున్నాకే ముట్టినట్టు సంతకం పెట్టండి. పెద్దమనుషుల్లో రాజీ కుదిరినా అంతే, "అన్నీ ముట్టాయి" అని రాసిన కాగితం మీద సంతకం పెట్టేసి తర్వాత మా దగ్గరికి వచ్చి ఏడ్చేవాళ్లను చూస్తుంటే కడుపు తరుక్కుపోతుంది.

ప్రశ్న: మా అమ్మాయి అమెరికాలో ఉంటుంది, విడాకులైపోయాయి. పెళ్లిలో మేము పెట్టినవి వాళ్లు ఇవ్వలేదు. తండ్రిగా నేనే కేసు వేయవచ్చా?
- ఒక తండ్రి, కరీంనగర్

జవాబు: మీ అంతట మీరు వేస్తే నిలబడదండీ. తెలంగాణ నుంచి వెళ్లిన ఇలాంటి కేసునే 2024లో సుప్రీంకోర్టు కొట్టేసింది. స్త్రీధనం కూతురిది, ఆమె అధికారం ఇవ్వకుండా తండ్రి అడగడానికి వీల్లేదంది. ముందు అమ్మాయి మనసులో ఏముందో కనుక్కోండి. తనకు కావాలనుకుంటే తనే కేసు వేయాలి, లేదా మీ పేరున అధికార పత్రం రాసి పంపాలి.