పెళ్లి పంక్తిలో ఉసునా అన్నం: రాయగడ బియ్యం కొట్టు నుంచి ఒక జవాబు

"ఒడిశా సరిహద్దు జిల్లాల్లో ఉండే తెలుగువాళ్లు ఒడియా తిండికి అలవాటు పడ్డారా? దానివల్ల ఆరోగ్యం బాగుపడిందా, పాడైందా?" అని అడిగారు. మాది రాయగడ. తాతగారి కాలం నుంచీ బియ్యం కొట్టు. ఏ ఇంట్లో ఏం వండుతున్నారో ఆ ఇంటి అల్లుడికంటే ముందు నాకే తెలుస్తుంది. కాబట్టి డాక్టరు చదువు లేకపోయినా ఈ ప్రశ్నకు జవాబు చెప్పే హక్కు నాకుందనే అనుకుంటున్నాను.

కూరలకు అలవాటు పడ్డాం. మా ఇళ్లలో దాల్మా (కూరగాయలు వేసిన పప్పు) వండుతారు, సాయంత్రం మూఢీలో, అంటే మరమరాల్లో, ఉల్లిపాయ, పచ్చిమిర్చి కలుపుకుంటారు, కాల్చిన పన్నీరు మిఠాయి ఛెనాపోడ కనిపిస్తే వదలరు. అన్నం దగ్గరికి వచ్చేసరికి మాత్రం ససేమిరా. రుచి నచ్చక అని చెబుతారు గానీ నేను నమ్మను. అసలు అడ్డు పరువు.

మా కొట్టులో బస్తాలు రెండు వరసలు. ఒకవైపు సోనా మసూరి, సాంబ మసూరి లాంటి పచ్చి బియ్యం. రెండోవైపు ఉసునా, అంటే మన ఉప్పుడు బియ్యం. ఒకే ఇంట్లో పక్కపక్క వాటాల్లో అద్దెకుండే ఒడియా టీచరుగారు, తెలుగు టీచరుగారు కలిసి ఒకే స్కూటరు మీద వస్తారు. కొట్టులోకి అడుగుపెట్టాక ఒకరు అటు, ఒకరు ఇటు. మన ఆయన గుప్పెడు బియ్యం అరచేతిలో పోసుకుని, గుమ్మం దగ్గర వెలుతురులో చూసి, "ఇంతకంటే తెల్లవి లేవా?" అంటారు. ఎంత పాలిష్ పట్టిస్తే అంత గౌరవం. పైగా ఆ ఉసునా వరసలో ఎక్కువ బస్తాలు స్వర్ణ రకం, ఎంటీయూ 7029. ఆ వంగడం పుట్టింది మన పశ్చిమ గోదావరి జిల్లా మారుటేరు పరిశోధన కేంద్రంలో. మనవాళ్లు కనిపెట్టిన వరి ఒడిశా అంతా పండుతోంది, ఒడియావాళ్లు హాయిగా తింటున్నారు, రాయగడ తెలుగువాడు మాత్రం దాన్ని చూసి ముక్కు ముడుస్తాడు.

మా చిన్నాన్న కూతురి పెళ్లి సంగతి చెప్తాను, పరువు అనే మాట ఎందుకన్నానో తెలుస్తుంది.

పెళ్లి ఇక్కడే, రాయగడలో. మగపెళ్లివారు విజయనగరం వైపు నుంచి వచ్చారు. బియ్యం, పప్పు, నూనె అన్నీ మా కొట్టువే కాబట్టి సామాను గది తాళాలు నా చేతికిచ్చారు. వంట మేస్త్రి ఒడియా ఆయన, గంజాం జిల్లావాడు, చెయ్యి తిరిగిన మనిషి. ముహూర్తం రాత్రి అయిపోయింది. మర్నాడు మధ్యాహ్నం భోజనాలు. చెప్పిన లెక్కకు మించి ఇంకో బస్సు నిండా జనం దిగారు. (మగపెళ్లివారు చెప్పే లెక్కను ఎప్పుడూ నమ్మకూడదు. ఇది తిండికి సంబంధం లేని విషయమే అయినా చెప్పి తీరాలి.) చివరి బంతికి సోనా అన్నం అయిపోయింది. మేస్త్రి తన మనుషుల కోసం పక్కన ఓ డేగిసా ఉసునా అన్నం వండుకున్నాడు. మిగిలితే నీళ్లు పోసి రాత్రికి పొఖాళొ, అంటే చద్దన్నం, చేసుకుందామని ఆయన ఆలోచన. నన్నడగకుండానే దాన్ని బకెట్లలోకి ఎత్తి వడ్డనకు పంపేశాడు.

ఆ బంతిలో పెళ్లికొడుకు పెదనాన్నగారు ఉన్నారు. తెల్లని పంచె, వేళ్లకు ఉంగరాలు. విస్తట్లో లావు లావు మెతుకులు, కాస్త పసుపు రంగు. ఆయన ఒక మెతుకు వేళ్ల మధ్య నలిపి చూశారు. "ఏటండీ ఇది బావగారూ? ఇడ్లీ రవ్వ పట్టించే బియ్యం తెచ్చి మాకు అన్నంగా పెడతారా? కూలోళ్లకి వండింది మాకు వడ్డిస్తారా?" అని లేచిపోయారు. ఆయన లేస్తే ఆ వరసంతా లేచింది. మా చిన్నాన్న చేతులు జోడించి నిలబడ్డాడు. పిన్ని ఏడుపు. నేను కుర్రాణ్ణి బండి మీద కొట్టుకు తరిమి, సోనా బస్తా తెప్పించి, మళ్లీ ఎసరు పెట్టించేసరికి ప్రాణం పోయి వచ్చింది.

ఈలోగా మా నానమ్మ ఏం చేసిందంటే, ఖాళీ అయిన ఆ బంతిలోనే ఒక విస్తరి ముందు కూర్చుని, అదే అన్నంలో ముద్దపప్పు, ఆవకాయ కలుపుకుని, అందరూ చూస్తుండగా తినడం మొదలుపెట్టింది. ఆమె పుట్టిల్లు పర్లాకిమిడి. "నాకు పళ్లూడినా కాళ్లూడలేదు నాయనా, ఇదే తిన్నాను" అంది, ఆయనకు వినపడేట్టు.

అసలు కథ తర్వాత. పెదనాన్నగారికి షుగరు. భోజనానికి కూర్చోబోయే ముందే మాత్ర వేసుకున్నారు. అన్నం ముట్టకుండా లేచారు. రెండో వంట అయ్యేలోపు ఆయనకు చెమటలు, చేతులు వణుకు, మాట తడబాటు. ఆడపెళ్లివారి పంచదారే చివరికి దిక్కయింది: మేస్త్రి పరుగున తెచ్చిన బూందీ లడ్డూ నోట్లో కుక్కితే గానీ మనిషి తేరుకోలేదు. ఆ రోజు పొద్దున్న విడిదిలో ఆయన తిన్నదేమిటో తెలుసా? ఇడ్లీ. ఆ ఇడ్లీ రవ్వ ఉప్పుడు బియ్యంతో పట్టించిందే. ఆవిరి మీద ఉడికి గుండ్రంగా ప్లేటులోకి వస్తే మర్యాద, మెతుకుగా విస్తట్లోకి వస్తే అవమానం!

ఇక ఆరోగ్యం సంగతి. ఉప్పుడు బియ్యం అంటే ధాన్యాన్ని పొట్టుతో సహా నానబెట్టి, ఆవిరి పట్టి, ఎండబెట్టి, తర్వాత మర పట్టడం. ఉడికేటప్పుడు తవుడు పొరలో ఉన్న బీ విటమిన్లు కొంత గింజ లోపలికి దిగుతాయి. అందుకే పాలిష్ పట్టినా అన్నీ పోవు. పచ్చి బియ్యానికి ఆ రక్షణ లేదు, తవుడుతో పాటే సారం పోతుంది. ఇది నా సొంత కవిత్వం కాదు. బెరిబెరి అనే జబ్బు ఉండేది. బీ1 విటమిన్ చాలక కాళ్లు తిమ్మిరెక్కడం, వాపులు రావడం, గుండె నీరసించిపోవడం. పాలిష్ బియ్యం మేపిన కోళ్లకు ఇలాంటి జబ్బే వస్తోందని జావాలో గమనించిన ఐక్మన్ అనే డచ్చి డాక్టరుకు 1929లో నోబెల్ ఇచ్చారు. మన దేశంలో ఈ జబ్బుకు పేరుపడ్డ చోటు ఏదనుకున్నారు? ఉత్తర సర్కారులు. అంటే గంజాం నుంచి కిందికి మన కోస్తా జిల్లాలే, పచ్చి బియ్యం మర పట్టించుకుని తినే తెలుగు నేల. హైదరాబాదు తార్నాకలో ఉన్న జాతీయ పోషకాహార సంస్థ మూలం కూడా ఇదే. 1918లో తమిళనాడు కూనూరులో మెకారిసన్ అనే డాక్టరు ఒక గదిలో మొదలుపెట్టినప్పుడు దాని పేరే బెరిబెరి విచారణ విభాగం. మన అన్నం పుణ్యమా అని అంత పెద్ద సంస్థ వచ్చిందన్నమాట, దానికైనా గర్వపడదాం.

ఒడియావాళ్లు అన్నీ తెలిసి ఉసునా తింటున్నారని నేననను. వాళ్లకూ మడి ఉంది. దేవుడికి ఉసునా పెట్టరు, ఒకసారి ఉడికింది కాబట్టి పనికిరాదంటారు. పూరీ మహాప్రసాదం అరువా బియ్యంతోనే, అంటే పచ్చి బియ్యంతోనే. కార్తీకంలో హబిసొ వ్రతం పట్టే ఆడవాళ్లు తినేదీ అరువా అన్నమే. వాళ్లు పచ్చి బియ్యాన్ని దేవుడికి, వ్రతానికి ఉంచుకుని రోజూ కడుపుకు ఉసునా తిన్నారు. మనం దేవుడి బియ్యం మూడు పూటలా తిన్నాం. అదీ తేడా.

అక్కడితో ఆగామా? బియ్యం తెల్లనీళ్లు పోయేదాకా కడుగుతాం, ఎసరు ఎక్కువ పోసి గంజి వార్చేస్తాం. బీ1 నీళ్లలో కరిగిపోయే సరుకు. నా చిన్నప్పుడు ఆ గంజి కుడితి తొట్లోకి పోయేది, గేదెలు బలంగా ఉండేవి. ఇప్పుడు గేదెలు లేవు, గంజి సింకులోకి పోతోంది. అదే ఒడియా ఇంట్లో పొఖాళొలో పులిసిన నీళ్లు కూడా తాగుతారు. మా నానమ్మ తరవాణి కుండ పెట్టేది. అమ్మ కాపురానికి వచ్చాక, చుట్టాలు చూస్తారని ఆ కుండ పెరట్లోకి వెళ్లింది, తర్వాత కనపడలేదు.

చోళ్ల కథా, అంటే రాగుల కథా ఇంతే. సంతకు కొండ మీద నుంచి వచ్చే కొంధు గిరిజన ఆడవాళ్లు చోళ్లు తెచ్చి, బియ్యం కొనుక్కెళ్లేవారు. ఆ చోళ్లు మా కొట్లోనూ పెట్టేవాళ్లం. మన తెలుగు ఇల్లాళ్లు కొనేవారు కూడా, కాకపోతే నేనేం అడక్కుండానే "మాక్కాదు బాబూ, పనిమనిషికి" అనేవారు. అంతమంది పనిమనుషులు రాయగడలో ఎక్కడున్నారా అని నాన్న నవ్వేవారు. వంద గ్రాముల చోళ్లలో 300 మిల్లీగ్రాములకు పైగా కాల్షియం, పాలిష్ బియ్యంలో పది దరిదాపు. 2017లో ఒడిశా ప్రభుత్వం మిల్లెట్ మిషన్ పెట్టింది, ఆ తర్వాత మద్దతు ధరకు చోళ్లు కొనడం మొదలుపెట్టింది. 2023ను ప్రపంచమంతా చిరుధాన్యాల సంవత్సరం అంది. ఇప్పుడు ఆ ఇల్లాళ్ల కోడళ్లే వచ్చి "మొలకెత్తిన రాగి పిండి ఉందా అంకుల్?" అని అడుగుతున్నారు, పెద్ద గొంతుతోనే. చోళ్లు మారలేదు. పెద్దాసుపత్రి డాక్టరు కాగితం మీద రాశాడు కాబట్టి పరువు వచ్చింది. కొండ మీది మనిషి మాత్రం ఇప్పుడు రేషన్ బియ్యానికి అలవాటుపడి కిందికి దిగాడు. ఆయనకూ తెల్లన్నం తినాలని ఉండదా? మనల్ని చూసే కదా నేర్చుకున్నాడు.

డాక్టరు కాగితం అంటే గుర్తొచ్చింది. మా దగ్గరివాళ్లు విశాఖ వెళ్లి డైట్ చార్టులు తెచ్చి నా బల్ల మీద పరుస్తారు. ఓట్సు, బ్రౌన్ బ్రెడ్డు, ఆలివ్ నూనె, బ్రోకలీ. ఒక్కదాంట్లోనూ ఉసునా అనే మాట ఉండదు, తోటకూర ఉండదు. రాయగడ మనిషికి బ్రోకలీ రాసినాయన ఎప్పుడైనా మా సంతకు వచ్చాడా? దేశంలో 10 కోట్లకు పైగా జనానికి షుగరుందని 2023లో భారత వైద్య పరిశోధన మండలి (ఐసీఎంఆర్) లెక్క వచ్చింది. అంతమందికీ ఓట్సు ఎక్కణ్ణుంచి తెస్తారు? ఇంకో కొత్త సరుకు "సింగిల్ పాలిష్" బియ్యం. మిల్లువాడు పని తక్కువ చేసినందుకు మీరు డబ్బెక్కువ ఇస్తున్నారు. నాకు లాభమే, కానీ చెప్పకుండా ఉండలేను.

రేషన్ బియ్యంలో ఇనుము, ఫోలిక్ యాసిడ్, బీ12 కలిపిన గింజలు నూటికొకటి చొప్పున కలుపుతూ వచ్చారు. జనం వాటిని ప్లాస్టిక్ బియ్యమని ఏరి పారేసేవారు. ఏరేది ఎవరంటే, ఇంట్లో రక్తం తక్కువున్న ఆడమనిషే. దేశంలో 15 నుంచి 49 ఏళ్ల ఆడవాళ్లలో 57 శాతం మందికి రక్తహీనత ఉందని 2019-21 ప్రభుత్వ సర్వే. అందరూ తిన్నాక అడుగు కూర తినడం, వెంటనే టీ తాగడం. టీ తాగితే తిన్న ఇనుము సరిగ్గా ఒంటబట్టదు. ఈ మాట నేను కొట్లో చెబితే "బియ్యం తూచవయ్యా" అంటారు.

మీ ప్రశ్నలో రెండోది మిగిలింది, ఆరోగ్యం బాగుపడుతుందా, పాడవుతుందా అని. బెరిబెరి ఇప్పుడు ఇటువైపు వినపడదు, నాలుగు రకాలు తింటున్నాం కాబట్టి. ఉసునా తింటే షుగరు పోతుందని కూడా ఎవరైనా చెబితే నమ్మకండి. ముద్ద తగ్గించాల్సిందే, నడవాల్సిందే. కానీ రోజూ తినక తప్పని అన్నం సారం ఉన్న అన్నమైతే పోయేదేముంది? మా ఇంట్లో ఇప్పుడు రాత్రి పూట ఉసునానే. చుట్టాలు వచ్చిన రోజు మాత్రం మా ఆవిడ సోనా వండుతుంది, దాని మీద నేను వాదన మానేశాను.

మొదలుపెట్టేవాళ్లకు ఒక్క మాట. స్వర్ణ ఉసునా తీసుకోండి, మరీ లావు రకం వద్దు. అరగంట నానబెట్టండి, సోనాకంటే నీళ్లు ఎక్కువ పడతాయి, ఉడకడానికి టైము పడుతుంది. కుక్కరు అయితే రెండు విజిల్స్ ఎక్కువ. వేడి మీద ఓ రకం వాసన వస్తుంది, పిల్లలు మొదట్లో పేచీ పెడతారు. పప్పుచారుతో, పులుసుతో బాగుంటుంది, పెరుగుతో ఇంకా బాగుంటుంది. పులిహోరకు మాత్రం పనికిరాదు, దానికి సోనా వేరే ఉంచుకోండి.