బీటిల్స్‌ని ఆపిన మద్రాసు బిడ్డ: ఎంగెల్‌బర్ట్ హంపర్‌డింక్‌ది అదృష్టమేనా?

మీరు రెండు సంగతులు అడిగారు. బ్రిటన్ రికార్డు అమ్మకాల పట్టికలో బీటిల్స్ బృందాన్ని నంబర్ వన్‌కి రాకుండా ఆపిన గాయకుడు మద్రాసులో పుట్టాడన్నది నిజమేనా అని ఒకటి, అది ఉత్త అదృష్టమేనా అని రెండోది.

మొదటిదానికి జవాబు చిన్నది. నిజమే. ఎంగెల్‌బర్ట్ హంపర్‌డింక్ 1936 మే 2న మద్రాసులో పుట్టారు. అసలు పేరు ఆర్నాల్డ్ జార్జ్ డార్సీ. తండ్రి బ్రిటిష్ సైన్యంలో పనిచేసేవారు, పదిమంది పిల్లలున్న ఇల్లు. ఆయనకి దాదాపు పదేళ్ల వయసులో కుటుంబం ఇంగ్లండ్‌లోని లెస్టర్‌కి తరలిపోయింది. రెండోదానికి మాత్రం కాస్త వివరంగా చెప్పాలి. ఆయన విషయంలో అదృష్టం అన్న మాట నేను ఒప్పుకోను.

నేను పెరిగింది సికింద్రాబాద్ లాలాగూడ రైల్వే క్వార్టర్స్‌లో. చుట్టుపక్కల ఆంగ్లో ఇండియన్ కుటుంబాలు చాలా ఉండేవి. ఆదివారం చర్చి నుంచి వచ్చీ రాగానే పక్కింట్లో రికార్డు ప్లేయర్ మొదలయ్యేది. జిమ్ రీవ్స్, క్లిఫ్ రిచర్డ్, వాళ్ల తర్వాత తప్పకుండా ఎంగెల్‌బర్ట్. "వీడు మన మద్రాసు పిల్లాడే" అని ఆ ఇంటి ఆంటీ మేనల్లుడి గురించి చెప్పినట్టు చెప్పేది. తర్వాత నేను ఆర్కెస్ట్రాల్లో పాడేవాణ్ణయ్యాను. రిసెప్షన్లలో పెద్దవాళ్లు అడిగితే ఎంగెల్‌బర్ట్ పాట "రిలీజ్ మీ" పాడాల్సి వచ్చేది. ఆ పాట ఎంత కష్టమో అప్పుడు తెలిసింది. అందుకే చెబుతున్నాను, ఆ గొంతు ఒక్క రాత్రిలో తయారైంది కాదు.

1967కి ముందు ఆయన బతుకు ఎలా ఉండేదో చూడండి. చిన్నప్పుడు నేర్చుకున్నది శాక్సోఫోన్. పదిహేడేళ్లప్పుడు స్నేహితులు పట్టుబట్టి ఓ పబ్‌లో పాటల పోటీకి ఎక్కించారు. హాస్యనటుడు జెర్రీ లూయిస్‌ని బాగా అనుకరించేవాడు కాబట్టి జెర్రీ డార్సీ అన్న పేరు నిలిచింది. సైన్యంలో తప్పనిసరి సర్వీసు చేసి వచ్చాక డెక్కా కంపెనీ వాళ్లు ఓ రికార్డు చేయించారు. అది ఆడలేదు. క్లబ్బుల్లో పాడుతూ నెట్టుకొస్తుంటే 1961లో క్షయ పట్టుకుంది. ఊపిరి మీద బతికే గాయకుడికి ఊపిరితిత్తుల జబ్బు! నెలల తరబడి మంచం మీద ఉండి లేచేసరికి, చేతిలో ఉన్న కాస్త పేరూ పోయింది. మళ్లీ మొదటి నుంచి మొదలుపెట్టాలి. 1964లో పెళ్లయింది, చేతిలో డబ్బు లేదు.

అప్పుడు ఆదుకున్నది గోర్డన్ మిల్స్. ఒకప్పుడు ఇద్దరూ లండన్‌లో ఒకే గదిలో ఉన్నవాళ్లు. అప్పటికే గాయకుడు టామ్ జోన్స్‌ని పైకి తెచ్చిన మేనేజర్ ఆయన. ఈ మిల్స్ పెరిగింది వేల్స్‌లోనే గానీ, పుట్టింది మాత్రం మద్రాసులోనే, 1935లో! ఒకే ఊళ్లో ఏడాది తేడాతో పుట్టిన ఇద్దరు లండన్‌లో కలిసి ఆ గెలుపు సాధించారన్నది ఎవరూ పెద్దగా చెప్పుకోరు. 1965లో మిల్స్ తన స్నేహితుడికి, 1921లో చనిపోయిన ఓ జర్మన్ సంగీతకర్త పేరు యథాతథంగా పెట్టేశాడు. నోరు తిరగని పేరే, కానీ విన్నవాడు మర్చిపోడు. ఆ సంగీతకర్త వారసులు అభ్యంతరం చెప్పడంతో జర్మనీలో మాత్రం ఆయన ఉత్త ఎంగెల్‌బర్ట్‌గానే పాడాల్సి వచ్చింది.

మీరు అదృష్టం అనుకుంటున్నది బహుశా ఆ తర్వాతి ఘట్టం. 1967 మొదట్లో లండన్ పల్లాడియం థియేటర్ నుంచి వచ్చే ఆదివారం రాత్రి టీవీ కార్యక్రమంలో పాడాల్సిన గాయకుడు డిక్కీ వాలెంటైన్‌కి ఒంట్లో బాగాలేదు. ఆ ఖాళీలో ఎంగెల్‌బర్ట్‌కి పిలుపొచ్చింది. దేశమంతా చూసే కార్యక్రమం అది. "రిలీజ్ మీ" పాడారు, రికార్డు షాపుల ముందు జనం చేరారు. అవకాశం అనుకోకుండా వచ్చిందన్నది నిజం. కానీ వచ్చిన ఆ కొద్ది నిమిషాల్లో దేశాన్ని తన వైపు తిప్పుకోగలిగింది పదేళ్లు క్లబ్బుల్లో నలిగిన గొంతు.

ఆ పాట కూడా కొత్తదేం కాదు. అమెరికాలో కంట్రీ గాయకులు అప్పటికే పాడేశారు, రే ప్రైస్ 1954లోనే హిట్ చేశాడు. ఈయన చేతికి వచ్చాక బ్రిటన్‌లో ఆరు వారాలు మొదటి స్థానంలో ఉంది. టాప్ 50లో వరసగా 56 వారాలు, అంటే ఏడాది దాటి, కదల్లేదు. 1963లో "ఫ్రమ్ మీ టు యూ" నుంచి విడుదల చేసిన ప్రతి సింగిల్‌నీ (ఒకటి రెండు పాటల రికార్డుని) నంబర్ వన్ చేసుకుంటూ వచ్చిన బీటిల్స్‌కి "పెన్నీ లేన్", "స్ట్రాబెర్రీ ఫీల్డ్స్ ఫరెవర్" ఉన్న రికార్డు రెండో స్థానంలో ఆగిపోయింది. ఆ రెండూ నాకు ప్రాణమే. బీటిల్స్ కన్నా ఈయన గొప్ప అని నేను అనడం లేదు. పోలికే అనవసరం. వాళ్లు సంగీతాన్ని కొత్త దారి పట్టిస్తున్నారు. ఆ దారిలో వెళ్లడం ఇష్టంలేని అమ్మానాన్నలు, వయసు మళ్లినవాళ్లు లక్షల్లో ఉన్నారు, వాళ్ల పాట పాడేవాడు వాళ్లకి కావాలి. ఆ జనం కూడా జేబులోంచి డబ్బు తీసి రికార్డు కొన్నారు. అంతే జరిగింది.

పాడేవాడిగా నాకు తెలిసిన ఒక సంగతి. "రిలీజ్ మీ" మాటలు నిజానికి క్రూరమైనవి. నీ మీద ప్రేమ పోయింది, ఇంకొకరు దొరికారు, నన్ను వదిలెయ్ అంటాడు కథానాయకుడు. గొంతులో ఏ మాత్రం దురుసుతనం ఉన్నా వినేవాళ్లకి అసహ్యం వేస్తుంది. ఎంగెల్‌బర్ట్ దాన్ని బతిమాలుతూ పాడతారు. మంద్రంలో గొంతు చిన్నది చేసుకుని మొదలుపెట్టి, బలమంతా చివరికి దాచుకుంటారు. వేదిక మీద మేమంతా పల్లవిలోనే గొంతు చించుకుని, చివర్లో పైకి వెళ్లాల్సిన చోట ఊపిరి చాలక తడబడేవాళ్లం. ఆయన రికార్డు విన్నప్పుడల్లా ఎక్కడ ఊపిరి తీసుకున్నారో పట్టుకోవాలని చూస్తాను. చాలా చోట్ల దొరకదు.

అదే ఏడాది "ది లాస్ట్ వాల్ట్జ్" వచ్చి అయిదు వారాలు నంబర్ వన్‌లో ఉంది. మా రైల్వే ఇన్‌స్టిట్యూట్‌లో క్రిస్మస్ డాన్సు ముగిసేది ఆ పాటతోనే. 1968లో "ఎ మ్యాన్ వితౌట్ లవ్", ఇది ఇటాలియన్ బాణీకి ఇంగ్లీషు మాటలు కట్టింది. ఆ తర్వాత సొంత టీవీ షో, లాస్ వెగాస్ వేదికలు. 1970ల్లో కాలం మారి బ్రిటన్‌లో హిట్లు తగ్గాయి గానీ, 1976లో "ఆఫ్టర్ ది లవిన్" అమెరికాలో టాప్ టెన్‌కి వెళ్లింది. ఆ దశాబ్దం ముగిసేలోపే మిల్స్‌తో దారులు వేరయ్యాయి.

2012లో యూరోవిజన్ అనే యూరప్ దేశాల పాటల పోటీకి బ్రిటన్ ఆయన్ని అజర్‌బైజాన్‌లోని బాకూ పంపింది. 76 ఏళ్ల వయసులో అందరికంటే ముందు పాడి, 26 మందిలో 25వ స్థానంలో నిలిచారు. పత్రికలు వెక్కిరించాయి. నాకు కోపం వచ్చింది, ఇప్పటికీ ఉంది. ఆ వయసులో శ్రుతి తప్పకుండా అలాంటి వేదిక మీద నిలబడడం ఎంత కష్టమో మార్కులు వేసేవాళ్లకి పట్టదు.

ఆయన్ని నేను ఎక్కువగా గౌరవించేది మాత్రం భార్య పెట్రీషియా విషయంలో. ఆమెకి అల్జీమర్స్ వచ్చింది. ఆయన దాచుకోకుండా దాని గురించి మాట్లాడుతూ, ఓ పక్క ఆమెను చూసుకుంటూ, ఇంకో పక్క పాడుతూ ఉన్నారు. 2021 ఫిబ్రవరిలో ఆమె చనిపోయారు. మరుసటి ఏడాది "మూన్ నైట్" అనే అమెరికన్ సిరీస్‌లో "ఎ మ్యాన్ వితౌట్ లవ్" వినిపించేసరికి, ఆయన పేరు కూడా తెలియని కుర్రాళ్లు ఆ పాట వెతుక్కుని విన్నారు. మా అమ్మాయి కూడా అలాగే ఫోన్‌లో పెట్టి "నాన్నా, ఇది విన్నావా" అని అడిగింది.

వినడం మొదలుపెట్టాలంటే "రిలీజ్ మీ" కన్నా ముందు "ది లాస్ట్ వాల్ట్జ్" వినండి, మూడు మాత్రల నడక కాబట్టి వెంటనే చెవికి పడుతుంది. తర్వాత "ఎ మ్యాన్ వితౌట్ లవ్". ఈ రెండూ అలవాటయ్యాక "రిలీజ్ మీ", అదీ ఇయర్‌ఫోన్లు పెట్టుకుని, మొదటి రెండు లైన్లలో ఆ గొంతు ఎంత తగ్గి ఉందో గమనిస్తూ.